దేశము చెప్పని ఖడ్గము: నల్లగొండ, పాలమూరు సీమల ఉక్కుకొలిమి

మహాసభ సంచికకు మన వృత్తిచరిత్రమును గూర్చి కొన్ని పుటలు వ్రాయవలసినదని కార్యనిర్వాహకులు మమ్ము కోరిరి. ఇట్టి సంచికలలో చరిత్రవ్యాసము విరాట్ విశ్వకర్మ పంచముఖములతో ప్రారంభమై, మను మయ త్వష్ట శిల్పి విశ్వజ్ఞులను స్మరించి, లంకానగర నిర్మాణము మీదుగా ద్వారకను చేరి అచ్చటనే ముగియుట పరిపాటి. ఆ స్మరణము మాకును ప్రియమే. కాని దానిని మన పిల్లలు కంఠస్థముగా నెరుగుదురు. వారెరుగని దానిని చెప్పుటయే మేలని తలచి, మేము ద్వారకను విడిచి కొలిమిగుడిసెలోనికి పోవుచున్నాము.

క్రీస్తుశకము 6వ శతాబ్దమున వరాహమిహిరుడు రచించిన బృహత్సంహితలో ఖడ్గలక్షణమను ఒక అధ్యాయము కలదు. అందు రాజునకు కొన్ని నిషేధములు విధింపబడినవి. నిష్కారణముగా కత్తిని ఒరనుండి తీయరాదు. అందులో ముఖము చూచుకొనరాదు. దాని వెల చెప్పరాదు. అది పుట్టిన దేశమును చెప్పరాదు. ఈ నిషేధములలో కడపటిదానిని చదివినప్పుడు మాకు నవ్వును వచ్చినది, దుఃఖమును వచ్చినది. లోకము తక్కిన నియమములనెల్ల మరచి, ఈ యొక్క నియమమును మాత్రము మన ఉక్కు విషయమున నేటివరకును పాటించుచున్నది. తెలంగాణమున పుట్టిన ఉక్కుతో పారసీకమున దిద్దిన కత్తికి డమాస్కసు కత్తియని పేరు. డమాస్కసు సిరియాదేశపు పట్టణము. కత్తి అమ్ముడుపోయిన సంత పేరు నిలిచినది గాని, ఉక్కు కరగిన ఊరి పేరు నిలువలేదు.

ఆ ఉక్కును గూర్చి లోకము చెప్పుకొన్న కథలు వినదగినవి. క్రీస్తుపూర్వము 400 ప్రాంతమున పారసీక చక్రవర్తి యాస్థానమున వైద్యుడుగా నుండిన క్టీసియసు అను గ్రీకు పండితుడు, తనకు హిందూదేశపు ఇనుముతో చేసిన కత్తులు రెండు బహుమానముగా లభించెననియు, ఒకటి చక్రవర్తి ఇచ్చెననియు, వేరొకటి రాజమాత ఇచ్చెననియు వ్రాసెను. ఆ కత్తిని నేల గ్రుచ్చినచో మబ్బులు, వడగండ్లు, పెనుగాలులు తొలగిపోవునట! రాజు అట్లు చేయగా తాను కన్నులార చూచితినని కూడ అతడు చెప్పుకొనెను. వడగండ్లకు పంట పోగొట్టుకొన్న రైతులు మన జిల్లాలలో కొదువలేదు; వారిలో ఎవ్వరును మన కమ్మరి యింటికి వచ్చి అట్టి కత్తిని అడుగలేదు. దూరము పెరిగిన కొలది వస్తువునకు మహిమ పెరుగును కాబోలు. దగ్గర నున్నవారికి కొలిమి అనగా కఱ్ఱు, కొడవలి, బండి పట్టా మాత్రమే.

అయినను మన పల్లెలలో మాత్రము ఇనుమునకు మహిమ లేదా? బాలింత మంచము క్రింద ఇనుపముక్క యుంచుదురు. గడపకు గుఱ్ఱపు నాడా కొట్టింతురు. కమ్మరి దాకలిపై కాలు మోపిన పిల్లవానిని ఇంటి పెద్దలు మందలించుదురు. మా యింట అమావాస్యనాడు కొలిమి రాజవేయుట లేదు. తిత్తులకును మనుష్యులకును నెలకొక దినము విశ్రాంతి కావలెనని ఈ ఆచారమేర్పడినదో, లేక తిథిదోషమును బట్టి యేర్పడినదో, ఎట్లైనను మేలే జరిగినది.

బృహత్సంహితలోని ఆ యధ్యాయమే కత్తికి పదును పెట్టు విధమును కూడ చెప్పుచున్నది. సంపద కోరువాడు కాల్చిన కత్తిని రక్తమునను, గుణవంతుడగు పుత్రుని కోరువాడు నేతియందును, తరుగని ధనము కోరువాడు నీటియందును ముంచవలెనట. ఇది వశీకరణతంత్రము వలె తోచును. కొలిమియొద్ద పెరిగినవాడు దీనిని వేరొక కన్నుతో చదువును. నీటిలో ముంచిన ఇనుము వేగముగా చల్లబడి మిక్కిలి గట్టిపడి పెళుసగును. నేతిలో ముంచినది నిదానముగా చల్లబడి గట్టితనమును కొంత తగ్గించుకొని సాగుడును నిలుపుకొనును. అనగా మూడు ద్రవములు మూడు విధముల పదునులు. పుత్రలాభమును, ధనలాభమును జ్యోతిషపండితుడు పైనుండి చేర్చి యుండును. ముంచుటలోని భేదమును మాత్రము ఏ కమ్మరియో అతనికి చెప్పియుండవలెను. జిల్లేడుపాలు, పొట్టేలి కొమ్ము మసి, పావురపు రెట్ట, ఎలుక పెంటికలు కలిపిన లేపమును పూసి పదును పెట్టినచో కత్తి రాతిపై కూడ విరుగదని అచ్చటనే యున్నది. చూచుటకు అసహ్యముగా నున్నను, మసియు జంతువుల మలమును కత్తి యంచునకు పట్టించుట పైపూతకు గట్టితనమిచ్చు పనియేనని నేటి లోహశాస్త్రజ్ఞులు గ్రహింపగలరు. మంత్రమును పొట్టువలె చెరిగివేసినచో అడుగున గింజ మిగులుచున్నది. అట్లని ప్రతి మూఢాచారమునందును శాస్త్రమున్నదని వాదించువారిలో మేము లేము.

ఇక ఉక్కు చేయు విధము. ఇనుపరాతిని బొగ్గుతో కరగించగా వచ్చునది మెత్తని ఇనుము. దానిలో కర్బనము స్వల్పము. దానిని మూసలో పెట్టి, మూత మూసి, మట్టితో మెత్తి, పగలును రేయియు తిత్తులూదినచో, సుమారు 1.5 శాతము కర్బనమును త్రాగి కరగి ముద్దగట్టి ఉక్కగును. మైసూరు, సేలము ప్రాంతములవారు మూసలో ఇనుముతోపాటు తంగేడు కట్టెను, జిల్లేడాకును పెట్టుచుండిరని గత శతాబ్దమునకు ముందటి తెల్లవారు వ్రాసిరి. చూచినవారికిది క్షుద్రవిద్య వలె కనబడును. కట్టెయు ఆకును కర్బనమునకే. మన తెలంగాణపు పద్ధతి వేరు. రెండు తావుల ఇనుములను పాళ్ళు కట్టి ఒక్క మూసలో కరగించుట మనవారి నేర్పు.

ఈ నేర్పును కన్నులార చూచి వ్రాసినవాడు వాయిసీ యను ఇంగ్లీషు వైద్యుడు. భారతదేశపు మహాత్రికోణమితి కొలతలో లాంబ్టను దొర వెంట భూగర్భశాస్త్రజ్ఞుడుగా తిరుగుచు, అతడు నిజామాబాదు జిల్లాయందలి కోనసముద్రమును దర్శించెను. 1824లో అతడు మరణించెను. అతని వ్రాత 1832లో కలకత్తానుండి వెలువడిన ఆసియాటిక్ సొసైటీ పత్రికలో అచ్చుపడెను. మూసమట్టిలో వడ్లయూక కలుపుట, మిట్టపల్లి ఇనుమును కొండాపురపు ఇనుమును తూచి కలుపుట, ఒక రేయింబవలు ఎడతెగక తిత్తులూదుట, చల్లారిన ముద్దలను మరల మట్టి మెత్తి పలుమారులు వెచ్చజేసి పెళుసుదనము పోగొట్టుట, ఇవి యన్నియు అందు కలవు. అచ్చట ఇస్పహానునుండి ఉక్కుకొరకై వచ్చిన ఒక పారసీక వర్తకుని కూడ అతడు చూచెను. ఆ వర్తకుడు తన యెదుటనే తూనికలు వేయించుకొనుచుండెను. తమ దేశమున ఈ ఉక్కును చేయబూనిరి గాని సాగలేదని అతడే చెప్పెను. అనగా విద్య రహస్యమని దాచిపెట్టుట వలన కాదు, ఎదుట నిలిచి చూచినను చేతికి రాకపోవుట వలన అది మనయొద్ద నిలిచినది. కోనసముద్రము నేడు కమ్మరపల్లి మండలమున నున్నది. ఆ మండలము పేరును మన పాఠకులు ఒకమారు పైకి చదువుకొందురు గాక.

17వ శతాబ్దమున వచ్చిన ఫ్రెంచి రత్నవర్తకుడు టావర్నియే కూడ, నీటిచాళ్ళు తేలు కత్తులకు తగిన ఉక్కు గోలకొండ రాజ్యమునుండియే పారసీకమునకు పోవుచున్నదని వ్రాసెను. ఆ నీటిచాళ్ళకే పారసీకులు జౌహరని పేరు పెట్టిరి. గోలకొండనుండి మచిలీపట్టణపు రేవునకు పోవు బండ్లబాట మన నల్లగొండ సీమ మీదుగనే పోవుచుండెను. పంతంగి, పానుగల్లు ఆ బాటలోని మజిలీలు.

1794లో బొంబాయినుండి ఈ ఉక్కుముద్దలు కొన్ని లండనునందలి రాయలు సొసైటీకి పంపబడెను. 1795లో పియర్సను అను పండితుడు దానిని పరీక్షించి వ్రాసిన వ్యాసమున దాని పేరు "వూట్జ్" అని యున్నది. ఉక్కు అను మన మాట విన్నవాని చెవిలోనో, వ్రాసినవాని చేతిలోనో చెడి యట్లయ్యెనని పలువురి యభిప్రాయము. దేశము పోయిన పిదప పేరు కూడ నిట్లు వికృతమయ్యెను.

1819 మొదలు 1822 వరకు మైకేలు ఫారడే, స్టోడార్టు అను కత్తులు చేయువానితో కలిసి, ఈ ఉక్కును కరగించి పరీక్షించెను. విద్యుచ్ఛాస్త్రమున లోకప్రసిద్ధుడైన ఈ ఫారడే ఒక కమ్మరి కొడుకని మన సభ్యులలో ఎందరికి తెలియునో! కమ్మరి కొడుకే యైనను ఈ విషయమున అతడు పొరబడెను. సిలికా, అల్యూమినా అను మట్టిధాతువుల వలన ఉక్కునకీ గుణము వచ్చినదని భావించెను. పిమ్మట పారిసు టంకశాలలో పరీక్షాధికారియగు బ్రెయాను కర్బనాధిక్యమే కారణమని కనుగొనెను. రష్యాదేశమున జ్లటౌస్టు కర్మాగారపు అనోసోవు ఏండ్ల తరబడి శ్రమించి 1841లో ఈ యుక్కును గూర్చి గ్రంథమే వ్రాసెను.

ఈ కథలో మమ్ము మిక్కిలి ఆకర్షించిన భాగము వేరొకటి. ఐరోపా కమ్మరులకు మన ఉక్కుముద్దలు చేతికి వచ్చినప్పుడు, వారు తమ ఇనుమును కాల్చునట్లే దానిని తెల్లగా కాల్చి సమ్మెటతో కొట్టిరి. ముద్ద పొడియైపోయెను. వస్తువు చెడ్డదని కొందరు తలచిరి. చెడినది వస్తువు కాదు, కాక. అధికముగ కర్బనము త్రాగిన ఉక్కు తెల్లకాకకు లోలోపల కరగనారంభించి దెబ్బకు విచ్చిపోవును. దానిని తక్కువ కాకలో, ఓర్పుతో, చిన్న దెబ్బలతో సాగదీయవలెను.

ఈ సంగతి మేము పుస్తకములలో చదువుటకు పూర్వమే మా యింట వినియుంటిమి. మా పెద్దలు దేవరకొండ తాలూకా పల్లెలో కొలిమి నడపిరి. వారికి ఉష్ణమాపక యంత్రము లేదు. కాకను వారు పూవుల పేరులతో చెప్పుచుండిరి. మొదటిది కుంకుమకాక, పిదప మోదుగుపూవు కాక, ఆ పైన తంగేడుపూవు కాక, చివరకు జొన్నపేలాల తెలుపు. మెత్తని ఇనుమును అతుకు వేయుటకు పేలాల తెలుపు కావలెను. ఉక్కు వేసిన గొడ్డలి మాత్రము తంగేడును చూడరాదు; మోదుగులోనే దెబ్బలు ముగియవలెను. ఎండలో కాకరంగు కనబడదు గనుక కొలిమిగుడిసెను చీకటిగా నుంచెడివారు. ఇదియు పరులకు రహస్యపూజవలె తోచియుండును. కొలిమిలో ఇనుముంచిన పిదప మా తాతగారు పెదవులు కదలించుచు ఏదియో జపించెడివారు. చిన్నతనమున మేము దానిని మంత్రమని భయపడితిమి. అది దేవతాస్తుతియే గాని, ఎన్నిమారులు చదివిన పిమ్మట ఇనుము తీయవలెనో వారికి లెక్క యుండెను. గడియారము లేని యింట జపమే గడియారము. భక్తి లేదని మేమనుట లేదు. భక్తియు కొలతయు ఒక్క నోటిలో నుండెనని మాత్రము చెప్పుచున్నాము.

ఇట మా జిల్లాల మాట. కోనసముద్రము మనది కాదు, ఉత్తరపు వారిది. దానిని లాగుకొని మన నల్లగొండ, పాలమూరు ఖాతాలో వేయుట న్యాయము కాదు. సభావేదికలపై ఢిల్లీ ఇనుపస్తంభమును కూడ మన తెలంగాణపు ఖాతాలో జమ వేయుట మేము వినియున్నాము. అది గుప్తుల కాలపుది, పైగా ఉక్కు కాదు, మెత్తని ఇనుము. మనకున్నది మనకు చాలును. మన పల్లెల పొలిమేరలలో గుండ్లు వలయముగా పేర్చిన సమాధులను జనులు రాకాసిగూళ్ళని పిలుతురు. అవి రాక్షసులవి కావు, ఇనుమును మొదట వాడిన మన పూర్వులవి. కృష్ణాతీరమున ఏలేశ్వరమునందు అట్టి సమాధులను పురావస్తుశాఖవారు త్రవ్వి ఇనుప పరికరములను వెలికి దీసిరి. పిమ్మట నాగార్జునసాగర జలాశయము నిండి ఆ యూరు నీటిపాలయ్యెను. నీరు రాకముందు త్రవ్వినది తెలిసినది. త్రవ్వనిది నీటి యడుగున నున్నది. భూగర్భశాస్త్రజ్ఞులు గద్వాల పట్టె, పెద్దవూర పట్టె యని పిలుచు ప్రాచీన శిలాశ్రేణులు ఈ రెండు జిల్లాలలో కలవు. వానిలో ఇనుపరాతి పొరలు కలవు. కేతేపల్లి మండలమున ఇనుపాముల యను గ్రామమున్నది. పేరులోనే ఇనుము వినబడుచున్నది. వ్యుత్పత్తి విచారమును భాషావేత్తలకు వదలుచున్నాము.

కొలిమి పనికి గిరాకి యెవ్వరిది? రాచకొండ, దేవరకొండ దుర్గములేలిన రేచర్ల ప్రభువులకు ఆయుధములు కావలసియుండెను. తరువాతి కాలమున గద్వాల, వనపర్తి, కొల్లాపురము, ఆత్మకూరు, గోపాలుపేట సంస్థానములకు కావలసియుండెను. అమ్రాబాదు కొండలలోని చెంచులకు బాణపు ములికియు, గొడ్డలియు, గడ్డలు త్రవ్వు కోలకు ఇనుపమొనయు క్రింది యూళ్ళ కొలుములనుండియే పోయెను. మొహర్రము నెలలో మన పల్లెలలో లేచు పీర్లను చేసినవారును, గుడి ద్వారమునకు గొళ్ళెము చేసినవారును ఈ లోహపు పనివారే. రాజు కత్తి కథకెక్కినది. కఱ్ఱు కథకెక్కలేదు. ఏరువాకకు ముందు కఱ్ఱుమొన సాగదీయించుకొనుటకు తెల్లవారకముందే కొలిమియొద్ద బారులు తీరిన రైతులను చూచినవారెవ్వరును, ఈ సీమ నిలిచినది కత్తి వలననా కఱ్ఱు వలననా యని అడుగరు.

మరియొక నిజమును కూడ మన సభలోనే చెప్పుకొనవలెను. ఉక్కు మన ఒక్క కులపు సొత్తు కాదు. అడవిలో బొగ్గు కాల్చినవారు, వాగులలో నల్లయిసుక కడిగినవారు, తోలు చెప్పి తిత్తులు కుట్టిన మాదిగ సోదరులు, కత్తికి సానబట్టి మెరుగుదీసిన సికిల్‌గరులు, దేశాంతరమునకు చేర్చిన మహమ్మదీయ వర్తకులు, వీరందరి చెమట అందు కలదు. తిత్తి లేని కొలిమి బూడిదకుప్పయే. తిత్తులు కుట్టిన వానిని గుడిసె వెలుపల నిలిపి, ఆతని తిత్తిని మాత్రము లోపల పూజించినవారము మనము. ఇది వ్రాయుటకు మా కలము కొంత తడబడినను వ్రాయక విడువలేము.

ఆ విద్య యెట్లు పోయినది? 1856లో బెస్సెమరు పద్ధతి వచ్చి, సీమలో ఉక్కు టన్నులకొలది చౌకగా కాసాగెను. 1874లో వాడినుండి హైదరాబాదునకు రైలు వచ్చినది. రైలు వెంట సీమ ఇనుపపట్టాలు వచ్చినవి. మూసలో రేయింబవలు కాచి సంపాదించు ముద్దకంటె సంతలో కొన్న కమ్మి సులభము. బొగ్గునకు అడవి అందకపోయెను. తుపాకులు వచ్చిన పిదప కత్తికి గిరాకి పోయెను. అమెరికాలో వెర్హోవెను అను ఆచార్యుడును, గుఱ్ఱములకు నాడాలు వేయు పెండ్రే యను కమ్మరియు కలిసి, నీటిచాళ్ళ కత్తిని మరల చేసి చూపి, 1998లో వేరొక కారణమును ప్రకటించిరి. ఖనిజములో లేశమాత్రముగా నుండు వెనేడియము వంటి ధాతువుల వలననే ఆ చాళ్ళు ఏర్పడుననియు, అట్టి రాయి దొరకుట మానగా కమ్మరికి కారణము తెలియకయే విద్య విఫలమైయుండుననియు వారి యూహ. ఇది నిజమైనచో ఎంత దయనీయము! తాత చేసినట్లే తండ్రి చేసెను, మంత్రమును తప్పలేదు, కాకయు తప్పలేదు. కత్తిపై చాళ్ళు మాత్రము రాలేదు. తన చేతిలోనే దోషమున్నదని ఆతడు కుమిలియుండును. 2006లో జర్మనీయందలి డ్రెస్డెను పండితులు 17వ శతాబ్దపు ఒక కత్తిలో కర్బనపు నానోనాళికలను కనుగొంటిమని ప్రకటించినప్పుడు మన పత్రికలు సంబరపడెను. ఆ సంబరము కొలిమి గుడిసెల దాక రాలేదు. అచ్చట ట్రాక్టరు వచ్చి కఱ్ఱుపని పోయియుండెను. మిగిలినవారు లారీ కమానుపట్టీలను కోసి గొడ్డళ్ళు చేయుచుండిరి. కమానుపట్టీ మంచి ఉక్కేనని మా పెద్దలు మెచ్చుకొనిరి. దానికి కూడ మోదుగుకాకయే తగునని వారు వెంటనే కనిపెట్టిరి.

2010లో ఇంగ్లండునందలి ఎక్సిటరు విశ్వవిద్యాలయమువారును, బెంగుళూరి జాతీయ ఉన్నతాధ్యయన సంస్థవారును కలిసి ఉత్తర తెలంగాణపు పల్లెలలో నడచి పాత కొలుములను, చిట్టెపు దిబ్బలను, మూసపెంకులను లెక్కించిరి. ఆ పరిశోధకుల యెడల మాకు కృతజ్ఞత కలదు. దక్షిణపు మన పల్లెలలో ఆ పని ఎవ్వరో వచ్చి చేయుదురని ఎదురుచూడనేల? చిట్టెమును గుర్తించుటకు పట్టము అక్కరలేదు. నల్లగా, బరువుగా, బుడగలు బుడగలుగా, చల్లారిన బెల్లపుపాకమువలె నుండును. మూసపెంకు లోపలివైపు గాజువలె మెరయును. మా యూరి వెలుపల చెఱువుకట్ట క్రింద అట్టి దిబ్బ యొకటి యుండెను. చిన్నతనమున దానిపై మేము జారుచు ఆడుకొంటిమి. కొన్నియేండ్ల క్రిందట పోయి చూడగా దిబ్బ లేదు. బాటకు కంకరగా తోలుకొనిపోయిరి. ఆ బాటపై నడచి నాలుగు పెంకులు ఏరి తెచ్చితిమి. అవి ప్రదర్శనశాలలో బల్లపై నున్నవి, సభ్యులు చేతితో తాకి చూడవచ్చును. ప్రక్కన చీటిపై ఊరి పేరును, తాలూకా పేరును, దొరికిన చోటును వ్రాసితిమి.

మహాసభ రెండవనాటి సాయంకాలము పందిరి తూర్పువైపున వృద్ధులగు కమ్మరులు కొందరు కూర్చుందురు. కాకలకు వారి వారి పల్లెలలో ఏ పూవుల పేరులుండెనో, పదునునకు ఏ నీరు వాడిరో, జపము ఎన్నిమారులు చదివిరో అడిగి వ్రాసికొనుటకు పిల్లలు కాగితములతో రావలయునని కోరుచున్నాము. వారు చెప్పునప్పుడు ముందుగా ఊరి పేరు వ్రాయవలెను.